దొరగారి ఉత్తరాల కోసం కాన్‌బెర్రా

సోమవారానికి యూనివర్సిటీలో వ్యాసం ఇవ్వాలి. అందుకే శుక్రవారం ఆఫీసుకి సెలవు పెట్టి, ఐదున్నరకే క్వేకర్స్ హిల్‌లో లోకల్ ఎక్కి, సిడ్నీ సెంట్రల్ స్టేషన్లో ఏడింటి కాన్‌బెర్రా రైలు పట్టుకున్నాను.

వ్యాసం పదిహేడో శతాబ్దపు ఇంగ్లండు భూస్వామి మీద. పార్లమెంటు సభ్యుడు కూడా. నేను దొర అనే అంటాను. రాజు అడ్డగోలుగా పన్నులేస్తే సభలో ఎదిరించి జైలుకెళ్ళాడు. స్వేచ్ఛ కోసం నిలబడ్డ మనిషని పది పేజీలు రాసేశాను కూడా. "ఆయన ఇంటి ఉత్తరాలు చూడలేదా?" అని ప్రొఫెసర్ ఒకటే గొడవ. వాటి మైక్రోఫిల్ము కాన్‌బెర్రా లైబ్రరీలో ఉంది.

పక్క సీట్లో రహీం అంకుల్, కర్నూలాయన, సిడ్నీలో బట్టల కొట్టు. నా కాగితాలు చూసి, "ఎవరమ్మా ఆయప్ప, మీ చుట్టమా?" అన్నారు. చెప్పాను.

"సచ్చిపోయినోని కోసం ఇంత పొద్దున్నే లేసినావా!"

గౌల్‌బర్న్ దాటాక పట్టాల మీద చెట్టు పడిందని గంటన్నర ఆపేశారు. రైలు క్యాంటీన్‌లో మీట్ పై ఒక్కటే మిగిలింది, అదీ చల్లగా. లైబ్రరీ చేరేసరికి ఒంటిగంట. పెట్టె తెరిస్తే వేరే కుటుంబం రీలు! "నో వర్రీస్," అంది కౌంటర్ దగ్గరమ్మాయి. వర్రీ అంతా నాదే. అసలు రీలు రావడానికి గంట పట్టింది. వెళ్ళేవాళ్ళు ముందురోజే ఫోన్ చేసి కనుక్కోండి.

తీరా చూస్తే దొర రాసిందంతా కీళ్ళనొప్పులు, వేటకుక్కలు, బావమరిదితో తగువు. విసుగొచ్చి మెషీన్ కట్టేయబోతుంటే ఒక అర్జీ కనబడింది. జోన్ అనే వితంతువుది. ఊరందరి మేత బీడుకి దొర కంచె వేయించాడు. ఆమె కంచె పీకి ఆవుని తోలింది. దొరే మేజిస్ట్రేటు, జైల్లో వేయించాడు. "పాలు పితికేవాళ్ళు లేరు, విడిచిపెట్టండి," అని వేడుకుంది. వెనకాల దొర చేతిరాత: "ఈ వారం కుదరదు. సభకి వెళ్ళాలి."

తేదీ చూశాను. కారణం చూపకుండా ఎవరినీ జైల్లో పెట్టకూడదని ఆయన గొప్పగా మాట్లాడింది ఆ వారమే. ఆ ప్రసంగమే నా వ్యాసానికి ప్రాణం. తర్వాతి ఉత్తరాలన్నీ తిరగేశాను. జోన్ మాట మళ్ళీ ఎక్కడా లేదు.

టాక్సీలో పరుగెత్తి సాయంత్రం రైలు అందుకున్నాను. ఇంటికి ఫోన్ చేస్తే మా అమ్మాయి, "జస్ట్ సబ్మిట్ ఇట్, అమ్మా," అంది. దొర మీద కోపం, ఆయన్ని అన్నాళ్ళు మోసినందుకు నామీద అంతకన్నా కోపం. కిటికీ అవతల మైళ్ళకొద్దీ కంచెలు. పది పేజీలూ కొట్టేసి కొత్తగా మొదలుపెట్టాను: "జోన్ అనే ఆమెకి ఒక ఆవు ఉండేది."