పది శాతం మోకాలు

ఎముకల డాక్టరు గదిలో, మూలన నిలబెట్టిన అస్థిపంజరానికి మంజులత భుజం తగిలింది. దాని ఎడమ చెయ్యి ఊడి కింద పడింది. వంగి తీయడానికి భయపడి, మంజులత "సారీ సార్" అని ముందు అస్థిపంజరానికీ తర్వాత డాక్టరుగారికీ చెప్పుకుంది. డాక్టరుగారు కుర్చీలోంచి ఒక్క ఉదుటున లేచి, ఆ చేతిని పసిపిల్లలా ఎత్తుకుని, దుమ్ము తుడిచి, "అయ్యయ్యో, కీలు పోయిందే! ఇంకెందుకు పనికొస్తుందమ్మా ఇది?" అని నిజంగా బాధపడ్డారు. కీలు పోయిందని ఆ గదిలో ఆ రోజు ఎవరైనా బాధపడింది ఆ ఒక్కసారే.

మంజులత సినిమాల్లో గ్రూప్ డాన్సర్. పదహారో ఏట కృష్ణానగర్‌లో రేకుల గదిలో దిగింది. అప్పటినుంచి హీరోయిన్ల వెనక, సొంత తల్లి కూడా తెరమీద గుర్తుపట్టలేనంత దూరంలో ఎగురుతూనే ఉంది. ఊళ్లో ఎక్కడ చూసినా అద్దాల మేడలు లేస్తున్న కాలం. ప్రతి హీరో సాఫ్ట్‌వేర్ ఇంజనీరే, ప్రతి పాటలో మెడకో కార్డు వేలాడవలసిందే. ఫిలింనగర్‌లో అలాంటి ఆఫీసు సెట్టులోనే, కంప్యూటర్ల మీద వాన కురిపిస్తూ తీసిన పాటలో, ఆమె కాలు జారింది. మోకాలు పక్కకి తిరిగింది. "కట్" అనేదాకా ఆమె నవ్వుతూనే ఉంది. డాన్స్ మాస్టర్ షాట్ ఓకే చేసి, తర్వాత ఐసు తెప్పించాడు.

ఆపరేషన్ అయ్యాక మోకాలు వంగుతుంది గానీ, వంగితే ప్రాణం పోయినంత పనవుతుంది. బరువు మోపితే పట్టు వదిలేస్తుంది. కంపెనీ మేనేజరు బత్తాయిలు పట్టుకొచ్చి, "ఫికరెందుకమ్మా, యూనిట్ మొత్తానికి ఇన్సూరెన్సుంది" అని, బత్తాయిల్లో ఒకటి తనే ఒలుచుకుని తిని పోయాడు. మళ్లీ కనపడలేదు. ఇన్సూరెన్సు వాళ్లేమో మోకాలు ఎంత పోయిందో డాక్టరు శాతం వేస్తే ఆ శాతానికే కడతామన్నారు. డాన్సు తప్ప మరో పని రాని మనిషి మిగతా బతుకు ఆ అంకె మీద నిలబడింది.

అస్థిపంజరాన్ని సముదాయించాక డాక్టరుగారు ఇటు తిరిగారు. "ఏదీ, కూర్చుని లేమ్మా."

ఇక్కడే జరిగింది పొరపాటు. ఎదురుగా నిలబడ్డ మనిషి ఒకటి చెయ్యమంటే మొదటి టేకులోనే, పళ్లు కనిపించేలా నవ్వుతూ, నొప్పిని ముఖం దాకా రానివ్వకుండా చెయ్యాలి. వరసలో ఒక్క ముఖం చిట్లినా రీలు దండగ. మంజులతకి తెలిసిన విద్య అదొక్కటే. కూర్చుంది, లేచింది, నవ్వింది. డాక్టరుగారు "శభాష్" అని పది శాతం వేశారు.

బయట, కృష్ణానగర్‌లో పక్కగదిలో ఉండే శకుంతలమ్మ కాచుకుని ఉంది. కాకినాడ మనిషి. సినిమాల్లో శవాల పక్కన ఏడ్చే వేషాలు వేస్తుంది.

"ఏమన్నాడే?"

"శభాష్ అన్నడు పిన్నీ."

"శభాషా! నవ్వావుటే?"

"ఆయన లేవమన్నడు... నాకు తెల్వకనే అచ్చింది నవ్వు."

"నీ నవ్వు తగలెయ్యా! నన్ను లోపలికి రానిస్తే ఎవడూ చావకపోయినా ఏడ్చిపెట్టేదాన్ని గదే!"

తర్వాత కార్మిక శాఖ కమిషనర్ ముందు విచారణ. ఇన్సూరెన్సు లాయరు అచ్యుతరామయ్యగారు తెల్లటి రుమాలుతో బల్ల తుడుచుకుని మొదలెట్టారు.

"పది శాతమే సార్. తొంభై శాతం మనిషి నిక్షేపంగా ఉంది. డాన్సే చెయ్యాలని రూలేముంది? ఊరంతా కాల్ సెంటర్లేనాయె. కూర్చుని మాట్లాడే పని. మోకాలితో నిమిత్తం లేదు."

"నేను ఏడు దాకనే సదివిన సార్. ఇంగ్లీషు రాదు," అంది మంజులత.

"ఆ నష్టం మా పాలసీలో లేదమ్మా," అన్నారాయన. పక్కనున్న గుమాస్తా కిసుక్కున నవ్వాడు. అంతటి వాన పాటలోనూ మంజులత ఒంటికి అంత బురద అంటలేదు.

ఆమె తరఫు లాయరు వందన, డాక్టరుగారిని బోనులోకి పిలిపించింది.

"డాక్టర్ గారూ, ఆ మోకాలితో ఈమె మళ్లీ డాన్స్ చెయ్యగలదా?"

"డాన్సా? అబ్బే, అసంభవం."

"మరి పది శాతమన్నారు?"

"అది మోకాలి లెక్కండీ. ఈవిడ పని సంగతి నన్నెవరూ అడగలేదే!"

కమిషనర్‌గారు కళ్లజోడు తీసి నొసలు రుద్దుకున్నారు. "ఆ మాట చెప్పడానికే కదయ్యా మిమ్మల్ని పెట్టింది! మళ్లీ చూడండి. ఏ పని చేసి బతికింది, ఆ పని ఎంత పోయింది, అది రాయండి."

ఆ సాయంత్రం శకుంతలమ్మ ఏడుపు నేర్పడానికి కూర్చుంది. "కింది పెదవి ముందు వణకాలే..."

"దొంగేడుపు నాకొద్దు పిన్నీ. ఉన్న నొప్పి ఉన్నట్టు కనబడితే సాలు."

అదే కష్టమైంది. అద్దం ముందు కూర్చుని లేవడం, లేచినప్పుడల్లా నవ్వు రావడం. "మళ్లీ పళ్లు!" అని శకుంతలమ్మ గరిటె కాడతో భుజం మీద పొడవడం. పొయ్యి మీద చారు ఇగిరిపోయింది.

రెండోసారి డాక్టరుగారు కూర్చోమంటే మంజులత కూర్చుంది. లెమ్మంటే, నవ్వు ముందుకొచ్చింది. పళ్ల కింద పెదవి నొక్కి దాన్ని ఆపింది. ఆపగానే ఇన్నాళ్లూ దాని వెనక దాక్కున్నదంతా ముఖం మీదికి వచ్చేసింది. సగంలో మోకాలు వదిలేస్తే బల్ల కాలు పట్టుకుని అక్కడే ఉండిపోయింది. డాక్టరుగారు ఈసారి శభాష్ అనలేదు. నర్సు చేత లేపించి, 'ఈ వృత్తి ఇక బొత్తిగా చేయజాలదు' అని రాసి, పైకి చదివి వినిపించారు.

గెలిచినట్టే. ఎందుకూ పనికిరావని పెద్దమనిషి చేత అనిపించుకుని, దానికి దండం కూడా పెట్టాల్సి వచ్చింది మంజులతకి. పెట్టింది. గుమ్మం వైపు నడిచింది. వెనకనుంచి ఠప్పుమని చప్పుడు.

"చూశావా?" అన్నారు డాక్టరుగారు, అస్థిపంజరం చెయ్యి మళ్లీ ఎత్తుకుంటూ. "నువ్వు తగిలిన దగ్గర్నుంచీ ఇదే వరస. ఎంత అతికించినా నిలవడంలేదు. దీన్నేం చేసుకోనమ్మా ఇప్పుడు?"

మంజులత గుమ్మం పట్టుకుని వెనక్కి తిరిగింది.

"పది శాతమే కద సార్, కాల్ సెంటర్ల పెట్టియ్యిండ్రి."