పటాలం షెడ్డు గాలికన్నాలు

మొన్న ఆదివారం మా మనవరాలు నోటుపుస్తకం పట్టుకుని వచ్చింది. "నాయనమ్మా, ఊరి బయట పటాలం షెడ్డు కూలగొడుతున్నారంట. దాని చరిత్ర రాసుకు రమ్మన్నారు బళ్ళో" అంది. నేను మూడో తరగతితో పలక అటకెక్కించినదాన్ని. అయినా తెలిసింది చెప్పి, రెండు పేజీలకు మించి కాగితం పాడు చెయ్యనివ్వలేదు.

యుద్ధం రోజుల్లో తెల్లవాళ్ళ పటాలం దిగడానికి కట్టారట దాన్ని. పొడవాటి ఒకే గది, రేకుల కప్పు, చూరు కింద చుట్టూరా జానెడేసి గాలికన్నాలు. "ఆ ఎర్రమనుషులు మన ఎండకు వేగిపోతారని అన్ని కన్నాలు పెట్టారు, మనకెవరు పెట్టారమ్మా?" అని మా మామగారు నవ్వేవారు. పటాలం పోయాక పత్తి బేళ్ళు వచ్చాయి, తుఫానుకు మనుషులు తలదాచుకున్నారు, కొన్నాళ్ళు మేకలు దొరల్లా ఏలాయి. తొంభైల చివర్లో మిరపకాయలకని మేం అద్దెకు తీసుకున్నాం. పిల్లకు అంతవరకే చెప్పాను.

ఆ ఏడు కల్లంలో ఆరబోసిన కాయల మీద మాఘమాసంలో వాన పడింది. మూడు రోజులు ముసురు. కాయ మెత్తబడి బూజు వాసన కొట్టింది. మా పుట్టింటివాళ్ళది పొగాకు సేద్యం. ఆకు కాల్చే బ్యారన్ గది తలుపులు బిగించి, వేడికి ఆకు ఆరబెట్టడం చిన్నప్పటి నుంచీ చూసినదాన్ని. ఆకు ఆరగా లేనిది కాయ ఆరదా అనుకున్నాను. మా ఆయన నసిగినా వినకుండా తడికల మీద కాయలు పరిపించి, కింద కుంపట్లు పెట్టించి, గాలికన్నాల్లో గోనెలు కుక్కించాను. బ్యారన్‌కు పొయ్యి బయట ఉంటుందని, పొగ లోపలికి రాదని నాకు తెలియక కాదు. ఆ పూట తోచలేదు.

మర్నాడు పొద్దున కాయలు తిరగెయ్యడానికి మా తోడికోడలూ నేనూ వెళ్ళాం. నాకంటే పదేళ్ళు చిన్నది. గుమ్మంలోనే ఘాటు గొంతు పట్టుకుంది. "అక్కా, నాలుగు కన్నాలన్నా తీద్దాం. ఊపిరాడట్లా" అంది. "తీస్తే వేడి నిలుస్తదా? బొగ్గులు ఊరికే వచ్చినయ్యా? కొంగు మూతికి కట్టుకుని పో" అన్నాను. "దొరలకైతే కన్నాలు, మాకైతే గోనెలా అక్కా!" అని నవ్వుతూనే లోపలికెళ్ళింది. తలుపు నేనే మూశాను.

బయట కాయల మీద కప్పే పట్టాలు దులుపుతుంటే లోపల దగ్గు వినిపించింది. తర్వాత ఆగింది. అలవాటు పడింది కాబోలు అనుకున్నాను. తలుపు తీసేసరికి తడికల మధ్య బోర్లా పడి ఉంది.

ఆస్పత్రిలో బతికింది గాని మునుపటి ఊపిరి రాలేదు. ఐదేళ్ళు గోడకానుకుని కూర్చునే నిద్రపోయి, ఆ గోడ దగ్గరే పోయింది. ఆ ఐదేళ్ళూ మా ఇంట్లో ఎండుమిరప తాలింపు లేదు. కాయలా, పొగచూరి నల్లబడితే మిర్చి యార్డులో తాలుకాయల కింద తోసేశారు. ఎలా జరిగిందని ఎవరడిగినా "అక్క వద్దంటున్నా నేనే పోయానండీ" అనేది. పక్కనే ఉండి కూడా ఆ అబద్ధాన్ని నేను దిద్దలేదు.

నిన్న మనవరాలితో వెళ్ళి చూశాను. రేకులు దించేశారు, ఒక్క గోడ మిగిలింది. చివరి కన్నంలో చీకిపోయిన గోనెపీలిక వేలాడుతోంది. "అదేంటి నాయనమ్మా?" అంది పిల్ల. "నేను కుక్కించిందే. ఇంకో కాగితం తియ్యి, రాసుకో" అన్నాను.

పటాలం, పత్తి, మేకలు ఎన్నేళ్ళున్నాయో దాని పుస్తకంలో ఉంది. నేను తలుపు మూసి నిలబడింది పావుగంట కూడా కాదు. ఆ షెడ్డు బతికిన కాలమంతా కలిపినా అంత పొడుగు లేదు.