బోర్డులో బుల్లమ్మ ఏ మాట

బుల్లమ్మకు చదువు రాదు. ఆ సంగతి ఆమె దాచుకోదు, విన్నవాళ్ళు నమ్మరు. మొప్ప ఎత్తి చూసి ఆ చేప నిన్నటిదో ఇవాళటిదో, ఏ పడవలో వచ్చిందో, పట్టినవాడు ఇంట్లో గొడవపడి వేటకెళ్ళాడో లేదో కూడా చెప్పే మనిషికి అక్షరాలు రావంటే బాంబూఫ్లాట్‌లో ఎవరు మాత్రం నమ్ముతారు?

ఆమె పుట్టింది ఇక్కడే, అండమాన్‌లో. తండ్రి శ్రీకాకుళం తీరం నుంచి ఓడెక్కి వచ్చాడు. బుల్లమ్మ మాత్రం ఆ తీరాన్ని రెండేసార్లు చూసింది. రెండుసార్లూ "ఎండెక్కువ, సుట్టాలెక్కువ" అని తిరిగొచ్చేసింది. ఇప్పుడామెకు యాభై మూడేళ్ళు. భర్త దానయ్య సముద్రం మానేసి ఇంటి ముందు కూర్చుని వలలు బాగుచేస్తాడు. కూతురు సాయిలక్ష్మి అవతలి ఒడ్డున, పోర్ట్ బ్లెయిర్‌లో, ఒక ఆఫీసులో కంప్యూటర్ మీద పని చేస్తుంది.

పొద్దున్న ఆరున్నర ఫెర్రీకి తల్లీకూతుళ్ళు ఒకే ఇంట్లోంచి, ఒకే గిన్నెలో కాచిన టీ తాగి బయలుదేరతారు. జెట్టీ మలుపు వచ్చేసరికి కూతురి నడక వేగమవుతుంది, తల్లి నడక నెమ్మదిస్తుంది. ఈ ఒప్పందం ఎప్పుడు కుదిరిందో ఇద్దరికీ గుర్తులేదు. ఫెర్రీలో సాయిలక్ష్మి మెడలో ఆఫీసు కార్డు వేసుకుని లోపల కిటికీ పక్క బెంచీ మీద కూర్చుంటుంది. బుల్లమ్మ వెనక, స్కూటర్లు పెట్టే చోట, గురమ్మతోనూ మిగతా చేపలవాళ్ళతోనూ నిలబడుతుంది. టికెట్టు ధర మాత్రం ఇద్దరికీ ఒకటే.

వెనకే ఎందుకంటే, బోర్డుంది. ఎర్ర పెయింటుతో, హిందీలో, మూడు మాటలు: మచ్ఛీ వాలే పీఛే. చేపలవాళ్ళు వెనక్కి అని. ఎవరు రాయమన్నారో తెలియదు గానీ, ఈలబాబు డ్యూటీలో చేరిన వారానికి అది వెలిసింది.

ఈలబాబుకు తల్లిదండ్రులు పెట్టిన పేరు ఉండే ఉంటుంది. ఫెర్రీలో జనాన్ని ఎక్కించి దించడం ఆయన ఉద్యోగం. మెయిన్‌ల్యాండ్ నుంచి వచ్చి ఏడాదిన్నర. మెడలో ఈల, జేబులో దువ్వెన. తన జుట్టంటే ఆయనకు చెప్పలేనంత ప్రేమ. సముద్రపు గాలికి ఆ ప్రేమ సంగతి పట్టదు. అందుకని హార్బర్ దాటే ఆ కాసేపట్లోనే ఆరేడుసార్లు దువ్వుకునేవాడు.

చేపల ఆడవాళ్ళు బుట్టతో లోపలికి అడుగు పెడితే ఈల. బుట్ట బయట వదిలేసి ఒట్టి చేతులతో వెళ్ళినా ఈల. ఒక వానరోజున గురమ్మ తల ఒక్కటే లోపలికి పెడితే, "ఏ కాలీ, పీఛే" అన్నాడు, నల్లదానా వెనక్కి అని. సాయంత్రం ఫెర్రీలో మాత్రం, బజారులో అదే చేప కొనుక్కుని సంచీల్లో వేసుకున్న పెద్దమనుషులు దర్జాగా బెంచీల మీద కూర్చుని వచ్చేవారు. వాళ్ళ సంచీల్లోంచి నీళ్ళు కారి చెప్పులు తడిసినా ఈల నోరెత్తేది కాదు.

"అమ్మితే కంపు, కొంటే కూరన్నమాట" అనేది గురమ్మ.

బుల్లమ్మ కోరిక పెద్దదేమీ కాదు. ఆమె మోకాళ్ళు రెండూ అరిగాయి. ఎక్కువసేపు నిలబడొద్దని డాక్టరు చెప్పాడు. అవతల దిగాక ఎలాగూ చేపలమ్ముతూ డిగ్నాబాద్ వీధులన్నీ నడవాలి, అదెవరూ తప్పించలేరు. హార్బర్ దాటేంతసేపైనా కూర్చోవాలని ఆమెకుండేది. లోపల బెంచీలు సగం ఖాళీగానే ఉండేవి.

బుల్లమ్మ కాళ్ళు నొప్పెడతాయి గానీ నోరు నొప్పెట్టదు. గురమ్మతో కబుర్లు మొదలుపెడితే అవతలి జెట్టీ దాకా ఆగదు. ఒకరోజు అలా మాట్లాడుతుంటే ఈలబాబు పక్కనుంచి వెళ్తూ, తోటివాడి వైపు చూసి నవ్వుతూ, "అండూ గుండూ, అండూ గుండూ" అన్నాడు.

బుల్లమ్మకు వచ్చింది బేరం హిందీ. బేరం హిందీలో అండా అంటే గుడ్డు. అందులో ఆమెకు సందేహమే లేదు.

"గుడ్లడుగుతున్నాడే గురమ్మా."

"కోడిగుడ్లా?"

"సేపలోళ్ళని కోడిగుడ్లెవుడడుగుతాడే? జెన. గుండూ అన్నాడంటే గుండ్రంగా ఉన్నవి తెమ్మని."

జెన అంటే చేప గుడ్లు. వాళ్ళ ఇళ్ళల్లో దానికోసం తండ్రీకొడుకులు కూడా పోట్లాడుకుంటారు. మర్నాడు బుల్లమ్మ మంచి జెన ఏరి, అరటాకులో చుట్టి, ఈలబాబు చేతిలో పెట్టింది. ఆయన ముందు తెల్లబోయాడు, తర్వాత వాసన చూశాడు, తర్వాత పుచ్చుకున్నాడు. రెండురోజులకు "బఢియా థా" అని మెచ్చుకున్నాడు కూడా. ఇక ఆయన అండూ గుండూ అన్నప్పుడల్లా మర్నాడు ఆకు పొట్లం వెళ్ళేది.

"నంచం ఇత్తన్నావేటే?" అంది గురమ్మ.

"నంచవేటి, పెట్టుబడి. మన జెన తిన్న నోటితో ఎన్నాళ్ళని ఈల ఊదతాడు? సూత్తుండు, ఓ పూట ఆయనే కూకోమంటాడు."

మూడు నెలలు గడిచాయి. ఆయన కూర్చోమనలేదు. ఊదుతూనే ఉన్నాడు, కాస్త ఒళ్ళు చేసి.

సంగతి బయటపడింది దానయ్య వల్ల. ఒక ఆదివారం మధ్యాహ్నం పులుసు గిన్నెలో గరిటె తిప్పి తిప్పి, "ఏటే, ఈ ఇంట్లో సేపలకి గుడ్లు పెట్టడం మానీమని సెప్పావేటి? మూడు నెల్లయి జెన మొకం సూళ్ళేదు" అన్నాడు.

"ఫెర్రీ బాబుకి ఎల్తంది" అని బుల్లమ్మ గొప్పగా కథంతా చెప్పింది. అండూ గుండూ దగ్గరికి వచ్చేసరికి సాయిలక్ష్మి చేతిలోని ముద్ద కంచంలోకి జారింది.

"అమ్మా, వాడు గుడ్లు అడగట్లేదు."

"మరేటడుగుతున్నాడు?"

"ఏం అడగట్లేదు. మజాక్ ఉడాతా హై, వెక్కిరిస్తున్నాడు. మనం మాట్లాడితే వాళ్ళకి అలా వినిపిస్తుందంట, అండూ గుండూ అని. మననీ, తమిళోళ్ళనీ, సబ్కో అలానే అంటారు."

బుల్లమ్మ పులుసు గిన్నె మీద మూత పెట్టింది. తర్వాత, "జెన తిన్నాడు కదే?" అంది.

"తిన్నాడు."

"బాగుందన్నాడు."

"బాగుందనే ఉంటాడు, అమ్మా."

దానయ్యకు నవ్వొచ్చింది. భార్య ముఖం చూసి ఆ నవ్వును అన్నంతోపాటు మింగేశాడు. "నా జెన" అని మాత్రం గొణిగాడు.

"నీకెలా తెలుసు ఇదంతా?" అని బుల్లమ్మ కూతుర్ని అడిగింది.

"ఆఫీసులో నా ముందే అంటారు. నువ్వు వాళ్ళలా లేవులే అంటారు నాతో."

"అంటే నువ్వేటంటావు?"

సాయిలక్ష్మి కంచంలోకి చూస్తూ, "థాంక్యూ అంటాను" అంది.

బుల్లమ్మ ముల్లు తీసిన చేప ముక్కను కూతురి కంచంలో వేసి లేచిపోయింది. ఆమె మాట్లాడకుండా భోజనం ముగించడం దానయ్య పెళ్ళయ్యాక అదే చూడ్డం. వాతావరణ హెచ్చరిక విన్నవాడిలా ఆ పూటంతా ఇంట్లో జాగ్రత్తగా తిరిగాడు.

మర్నాడు ఆరున్నర ఫెర్రీలో బుల్లమ్మ బుట్టను వెనక గురమ్మకు అప్పగించింది. చేతులు సబ్బు పెట్టి కడిగి, చీర కుచ్చెళ్ళు దులుపుకుని, లోపలికి నడిచి కిటికీ పక్క బెంచీ మీద కూర్చుంది. అది సాయిలక్ష్మి బెంచీ. సాయిలక్ష్మి సముద్రాన్ని అంత శ్రద్ధగా అంతకుముందెప్పుడూ చూడలేదు.

ఈల మోగింది. బుల్లమ్మ కదలలేదు. ఈల మళ్ళీ మోగింది.

"ఉఠో, ఉఠో. బోర్డ్ నహీ దేఖా?"

"దేఖా" అంది బుల్లమ్మ. "పఢా నహీ."

చూశాను గానీ చదవలేదన్న ఆ జవాబుకు ఎవరో కిసుక్కుమన్నారు. ఈలబాబు చెవులు ఎర్రబడ్డాయి. తోటివాడి వైపు తిరిగి, "ఫిర్ షురూ, అండూ గుండూ" అన్నాడు.

బుల్లమ్మ ఆదివారం నుంచి ఈ మాట కోసమే కాచుకుని ఉంది.

"అండూ మైనే తీన్ మహీనా దియా, బాబూ. అబ్ గుండూ తుమ్ కరాలో."

గుడ్లు మూడు నెలలు నేను పెట్టాను, ఇక గుండు నువ్వు చేయించుకో. ముందు తెలుగువాళ్ళు నవ్వారు. వాళ్ళు పక్కనున్న తమిళులకు చెప్పారు, తమిళులు బెంగాలీలకు చెప్పారు, బెంగాలీలు రాంచీ కూలీలకు చెప్పారు. నవ్వు బెంచీ తర్వాత బెంచీ దాటుకుంటూ ఇంజను గది దాకా వెళ్ళింది. ఈలబాబు చెయ్యి దానంతటదే జుట్టు మీదికి పోయింది.

ఆయనకు అప్పుడు సాయిలక్ష్మి కనిపించింది. మెడలో కార్డు, చేతిలో ఫోను, చక్కటి హిందీ మాట్లాడే అమ్మాయి. "దీదీ, ఆప్ సమ్‌ఝాయియే ఇస్‌కో. ఆప్ తో ఇన్ జైసీ నహీ హై." మీరు వీళ్ళలా కాదు కదా, మీరే నచ్చజెప్పండి అన్నాడు.

అలవాటైన థాంక్యూ సాయిలక్ష్మి నాలుక చివరి దాకా వచ్చింది. ఆమె సముద్రం మీంచి చూపు తిప్పింది.

"యే మేరీ మా హై" అంది. నా తల్లి. తర్వాత తెలుగులో, ఫెర్రీ అంతా వినేంత గట్టిగా, "అమ్మా, ఇటు జరుగు. కాళ్ళు చాపుకో" అంది.

ఆ రోజు బుల్లమ్మ కూర్చునే హార్బర్ దాటింది. అయితే ఒక జోకుతో గెలిచింది ఒక రోజే. మర్నాడు ఈలబాబు పక్కన ఆయన పైవాడు నిలబడి ఉన్నాడు. బోర్డు ప్రకారం వెనక నిలబడితే ఎక్కండి, లేదంటే దిగిపోండన్నారు. చేపల ఆడవాళ్ళందరూ బుల్లమ్మతోపాటు దిగిపోయారు. పదకొండు బుట్టలు జెట్టీ మీద ఉండిపోయాయి. ఫెర్రీ వెళ్ళిపోయింది. సాయిలక్ష్మి కూడా దిగిపోయింది. ఆఫీసుకు ఆలస్యమవుతుందని ఫోన్ చేసి, కారణం అడిగితే "మా వాళ్ళని ఎక్కనివ్వలేదు" అంది. 'మా వాళ్ళు' అన్న మాట తన నోట రావడం ఆమెకే కొత్తగా ఉంది.

అక్కడే, జెట్టీ గోడ మీద కాగితం పెట్టి, సాయిలక్ష్మి హిందీలో అర్జీ రాసింది. పదకొండు మంది వేలిముద్రలు వేశారు. అందుకని అర్జీకి కూడా కాస్త వాసన పట్టింది. ఫెర్రీల వ్యవహారం చూసే ఆఫీసర్ దాన్ని రెండు వేళ్ళతో అంచు పట్టుకుని చదివాడు. ప్రయాణికులు వాసన గురించి ఫిర్యాదు చేస్తున్నారని, తాను చేయగలిగిందేమీ లేదని అన్నాడు.

"సాబ్ నిన్న ఏటి తిన్నారో అడుగు" అంది బుల్లమ్మ.

సాయిలక్ష్మి మొహమాటపడుతూనే అడిగింది. ఆఫీసర్ ఒక్క క్షణం ఆలోచించి, మచ్ఛీ కరీ అన్నాడు.

"హాథ్ ధోయా?" చేతులు కడుక్కున్నారా అని బుల్లమ్మే నేరుగా అడిగింది.

"హా, ధోయా."

"హమ్ భీ ధోతా" అంది బుల్లమ్మ. మీరూ కడుక్కున్నారు, నేనూ కడుక్కుంటాను. "టోకరీ పీఛే రహేగా, సాబ్. హమ్ ఆగే బైఠేగా."

బుట్ట వెనక, మనిషి ముందు. ఆఫీసర్‌కు ఇందులో కాదనడానికి ఏమీ దొరకలేదు. దొరకనప్పుడు ఆఫీసులు చెప్పే మాటే చెప్పాడు. బోర్డు తీయాలంటే ఫైలు కదలాలి, కొత్త బోర్డుకు మంజూరు రావాలి, అందుకు నెలలు పడుతుంది.

బుల్లమ్మ కూతురి వైపు వంగింది. "ఆ బోర్డు మీద ఎన్ని మాటలే?"

"మూడు."

"ఇడగొట్టి సెప్పు."

"మచ్ఛీ అంటే చేప. వాలే అంటే మనం. పీఛే అంటే వెనక."

"మద్దెనున్నది నానా?"

"అవునమ్మా. నడిమి మాట నువ్వే."

"అయితే దాన్నొక్కటీ సెరిపీమను. సేప ఎనకే ఉండనీ, నానొద్దన్నానా?"

సాయిలక్ష్మి ఆ మాట హిందీలో చెప్పేసరికి ఆఫీసర్ మొదటిసారి కాగితం మీంచి తలెత్తి బుల్లమ్మను చూశాడు. ఒక మాట చెరిపితే అది కొత్త బోర్డు కాదు. పాత బోర్డుకు మరమ్మతు. మరమ్మతుకు మంజూరు అక్కర్లేదు. నవ్వు ఆపుకుంటూ అర్జీ మీద "రిపేర్" అని రాసి సంతకం పెట్టాడు. అదయ్యేదాకా బోర్డు బోర్డే, వెనకే ఎక్కండన్నాడు.

రిపేర్ మాత్రం వారమైనా కాలేదు. పెయింటరు దొరకడం లేదన్నారు. సోమవారం పదకొండు మందీ వచ్చి ఆఫీసు వరండాలో బుట్టలు దించి కూర్చున్నారు. ఎవరూ అరవలేదు. ఎవరూ జెండా పట్టుకోలేదు. ఎండ ఎక్కుతున్న కొద్దీ వరండా సంగతి లోపలి గదులకు కూడా తెలుస్తూ వచ్చింది. అడిగినవాళ్ళతో బుల్లమ్మ, "పెయింటరు కోసం ఎదురుసూత్తన్నాం" అని వినయంగా చెప్పింది. మంగళవారం మధ్యాహ్నానికల్లా పెయింటరు దొరికాడు.

నడిమి మాట మీద తెల్ల పెయింటు పడుతున్నంతసేపూ నిచ్చెన పట్టుకుని నిలబడింది ఈలబాబే. రెండు చేతులూ నిచ్చెనకే ఉండిపోయాయి. గాలికి జుట్టంతా రేగిపోయినా దువ్వుకోవడానికి వీల్లేకపోయింది.

ఇప్పుడు బుల్లమ్మ, సాయిలక్ష్మి జెట్టీ మలుపు దాటాక కూడా కలిసే నడుస్తారు. మోకాళ్ళు బాగుపడలేదు, బుల్లమ్మ నెమ్మదిగానే నడుస్తుంది. అందుకని సాయిలక్ష్మి ఆఫీసుకు రెండుసార్లు ఆలస్యమైంది. దానయ్యకు మళ్ళీ జెన దొరుకుతోంది.

నెల తిరక్కుండా, బోర్డు సంగతి విని, దీవుల ఉత్తరాన ఉన్న మాయాబందర్ నుంచి రాజకుమారి అనే ఒకామె ఫోన్ చేసింది. ఆమెదీ చేపల బుట్టే. అక్కడి బస్సులో వాళ్ళకోసం వేరే ఏదో రాసిపెట్టారట. సాయంత్రం ఫెర్రీలో, బెంచీ మీద కాళ్ళు చాపుకుని, బుల్లమ్మ ఆ ఫోన్ అందుకుంది.

"ఏడవకే ముందు. అందులో ఎన్ని మాటలున్నాయో సెప్పు. నీకూ సదువు రాదా? మరేం పర్వానేదు, సదివినోళ్ళనడుగు. అందులో నువ్వే మాటో కనుక్కో."

ఇంతలో ఈల మోగింది. బుల్లమ్మ అలవాటు చొప్పున చాపిన కాళ్ళు ముడుచుకుంది. తలెత్తి చూస్తే, ఈలబాబు ఆపింది తెల్ల చొక్కా వేసుకున్న ఒక పెద్దమనిషిని. ఆయన చేతిలో చేపల సంచీ ఉంది, అందులోంచి నీళ్ళు కారుతున్నాయి. ఈలబాబు బోర్డు చూపించాడు. మచ్ఛీ పీఛే. మనిషి గురించి అందులో ఇప్పుడు ఏమీ లేదు, చేప గురించి మాత్రం స్పష్టంగా ఉంది. పెద్దమనిషి బోర్డునూ సంచీనీ మార్చి మార్చి చూశాడు.

"ఉండవే రాజకుమారీ" అని బుల్లమ్మ ఫోన్ పక్కకు తిప్పి, ఆయనతో మర్యాదగా, "వహా రఖ్ దో, భయ్యా" అంది. "నా బుట్ట పక్కనెట్టండి. దానికీ తోడుంటాది."

తర్వాత కూతురితో, "అతగాడికి సోటియ్యే, నిలబడిపోతాడు" అని తనూ కాస్త జరిగింది.