పిడికెడు పరిగె

పోయిన వారం పొద్దున్నే జనగామలో మా ఇంటి వరండాలో కూర్చుని చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తుంటే, గ్రూప్స్ పరీక్షలకు చదువుతున్న మా మనుమరాలు ఇంగ్లీషు పేపరు పట్టుకుని వచ్చి గ్లీన్ అంటే ఏమిటని అడిగింది. నేను ముప్పై ఏళ్లకు పైగా బడిలో ఇంగ్లీషు చెప్పి రిటైరైన మనిషిని కాబట్టి ఇంట్లో ఎవరికి ఏ మాట తట్టకపోయినా నా దగ్గరికే వస్తారు, వచ్చి నేను నోరు తెరిచేలోపే ఫోనులో చూసేసుకుంటారు. ఆ రోజూ అంతే. కొద్దికొద్దిగా సమాచారం రాబట్టడం అని ఫోను చెప్పిందట. ఇంకొంచెం కిందికి జరిపితే, కోత కోసిన చేలో మిగిలిన కంకులు ఏరుకోవడం అని కూడా ఉంది కాని, అది పాతకాలపు వాడుక అని పక్కన రాసి పెట్టారు. ఆ పాతకాలపు వాడుకను ఎండలో వంగి వంగి ఏరినదాన్ని నేను ఇక్కడే ఇంకా బతికి కూర్చున్నానే అని నాకు కొంచెం కోపం, కొంచెం నవ్వు వచ్చాయి.

నా ఈడు వాళ్లకు పరిగె అంటే విడమరిచి చెప్పనక్కరలేదు. కోత అయి, మోపులన్నీ కల్లానికి చేరాక, మడిలో రాలిపోయిన కంకులు ఏరుకునే హక్కు ఊళ్లోని పేదవాళ్లది. ఆడవాళ్లే ఎక్కువగా పోయేవారు. మోపు ఇంకా మడిలో ఉండగా కాలు పెట్టకూడదు, కల్లం దరిదాపులకు పోకూడదు, ఒకరు ఏరుతున్న సాలులోకి ఇంకొకరు రాకూడదు. ఈ కట్టుబాట్లు ఎవరు పెట్టారో తెలియదు గాని తప్పినవాళ్లను నేను చూడలేదు. మా ఊరు దంతాలపల్లికి దగ్గరలోనే ఉండేది. నాకు ఊహ తెలిసేసరికే నాయిన లేడు. అమ్మను మేము అవ్వ అనే పిలిచేవాళ్లం. అవ్వ, నాకంటే ఎనిమిదేళ్లు పెద్దవాడైన అన్న, నేను, ముగ్గురమే ఇల్లు. కూలి దొరికిన రోజు కూలి, కోతలు అయ్యాక పరిగె. నాలుగు నెలల గంజి ఆ పరిగెలోంచే రావాలి.

పరిగె ఏరడంలో ఒక పద్ధతి ఉంది, అది చెప్పకపోతే మిగతా కథ తెలియదు. కంకులు పిడికెడు అయ్యేదాకా చేతిలో ఉంచుకుని, వాటిలోంచే ఒక పొడుగు గడ్డిపోచ లాగి మెడ దగ్గర మూడు చుట్లు చుట్టి, ఆ కట్టను గట్టు మీద పెట్టి ముందుకు పోతారు. పొద్దు వాలాక వెనక్కు తిరిగి వచ్చి, ఎవరి కట్టలు వాళ్లు ఏరుకుని గంపలో వేసుకుంటారు. పదిమంది కట్టలు ఒకే గట్టు మీద ఉన్నా కలిసిపోవు, ఎందుకంటే ఒక్కో ఇంటి ముడి ఒక్కో తీరు. మా అవ్వది ఎడమచేతి వాటం. అందరి చుట్టు కుడికి తిరిగితే ఆమెది ఎడమకు తిరిగేది, చివరి పోచను మొదటి చుట్టు కిందినుంచి దూర్చి వెనక్కు మడిచేది. మేమిద్దరం కుడిచేతి వాటం వాళ్లమే అయినా ఆమె చేయి చూసి నేర్చుకున్నాం కాబట్టి మా చుట్టు కూడా ఎడమకే పోయేది. చిన్నప్పుడు పరిగెకు వచ్చిన మగపిల్లవాడు అన్న ఒక్కడే, ఆడంగి అని ఊరంతా ఏడిపించేది. వాడు నవ్వి ఊరుకునేవాడు. ఆ ముడి వేసేవాళ్లం మా ఎరుకలో మేము ముగ్గురమే.

అన్నకు పద్దెనిమిదేళ్లప్పుడు మా వైపు దొరల మీద తిరగబడే సంఘం వచ్చింది. అంతకుముందు మా దొర ఒక కొత్త పద్ధతి పెట్టాడు, తన మడుల్లో ఏరిన పరిగెలో సగం గడికి, అంటే తన మేడకు, తెచ్చి పోయాలని. ఇల్లు నిండా ధాన్యం ఉన్నవాడికి పిడికెళ్లలో వాటా ఎందుకో ఇప్పటికీ నాకు అర్థం కాదు. సంఘం వాళ్లతో కలిసి అన్న గట్టు మీద నిలబడి, ఇక నుంచి పరిగె ఏరినవాళ్లదే, గడికి గింజ పోదని చెప్పాడు. ఆ ఏడు ఆడవాళ్లు గంపలు నేరుగా ఇళ్లకు మోసుకుపోయారు. మా అవ్వ గర్వం పట్టలేక దారిలో ఎదురైన ప్రతివాళ్లనూ ఆపి మాట్లాడింది. తరువాత నిజాం తరఫు రజాకార్లు ఊరి మీద పడ్డారు, గట్టు మీద నిలబడ్డ వాళ్ల పేర్లు ముందుగా వెతికారు, అన్న సంఘం దళంతో అడవుల్లోకి వెళ్లిపోయాడు. రజాకార్లు పోయి మిలిటరీ వచ్చింది, వాళ్లూ దళాల వెంటే పడ్డారు, అన్న మాత్రం రాలేదు.

ఆ రోజుల్లో దళంలో ఉన్నవాడి క్షేమం ఎవరిని అడుగుతాం? అడిగితే అడిగినవాళ్లకూ ముప్పే. అందుకే అవ్వ అడగడం మానేసి వినడం మొదలుపెట్టింది. మా ఊళ్లో పరిగె అయిపోగానే పక్క ఊరికి, అక్కడినుంచి ఇంకో ఊరికి నన్ను వెంటేసుకుని పోయేది. ఆడవాళ్లు వంగి ఏరుతూనే మాట్లాడుకుంటారు. ఒకామె తన మరిది పోయిన అడవి దిక్కు చెప్పేది, ఇంకొకామె సంతలో విన్న మాట ఒకటి చెప్పేది. అవ్వ ఏమీ అనకుండా వినేది, ఇంటికి నడిచే దారిలో నాతో ఆ ముక్కలన్నీ ఒక దగ్గర పెట్టి చూసేది. ఫోను చెప్పిన మొదటి అర్థం అదే కదా, అచ్చంగా ఆ పనే అక్షరం రాని మా అవ్వ చేసింది.

మరుసటి ఏడు కోతలకు ముందు కబురు వచ్చింది, భూపాలపల్లి అడవుల్లో కాల్పులు జరిగి ముగ్గురు పోయారని, వాళ్లలో మావాడు ఒకడని. చూసినవాళ్లు ఎవరూ లేరు, శవం ఇచ్చినవాళ్లు లేరు. అయినా మా మేనమామ పెద్దమనిషిగా వచ్చి కూర్చుని, దినాలు చెయ్యకపోతే వాడి ఆత్మ తిరుగుతుందని, రోజు పెట్టుకుందామని అన్నాడు. ఆయన చెడ్డవాడు కాదు, చెల్లెలు ఎన్నాళ్లు ఎదురుచూపులతో చస్తుందన్నదే ఆయన బాధ. అవ్వ గడువు అడిగింది.

“గీ పరిగె దినాలు ఎల్లనియ్యి అన్నా. గటెన్క నువ్వెట్లంటె అట్లనే జేస్త.”

మూడో రోజున నన్ను తీసుకుని బయలుదేరింది. మా చిన్నమ్మను భూపాలపల్లి వైపు అడవి అంచు ఊరికి ఇచ్చారు, అక్కడ చెరువు కింద కోతలు మాకంటే ఆలస్యంగా అవుతాయి. జఫర్‌గఢ్ దాకా నడిచి అక్కడ తెలిసినవాళ్ల ఇంట్లో పడుకున్నాం, తరువాత దొరికిన ఎడ్లబండ్లు ఎక్కుతూ దిగుతూ ఆరు రోజులకు చేరాం. ఇప్పుడు చెల్పూరు దగ్గర కరెంటు ఫ్యాక్టరీ పొగగొట్టాలు ఎంతో దూరానికి కనిపిస్తాయి గాని, అప్పుడక్కడ ఇప్పచెట్లు, వెదురు పొదలు తప్ప గుర్తు పెట్టుకునేందుకు ఏమీ లేదు. దారిలో మిలిటరీ వాళ్లు రెండుసార్లు మా గంపలో కర్ర పెట్టి కెలికారు.

మరునాడు పొద్దు పొడుస్తుండగా మేము పరిగెకు దిగాం. అవ్వ చెరువు దగ్గరి మళ్లలో ఏరుతుంటే, నేను పిల్లదాన్ని కదా, తూనీగ వెంట పడి అడవిని ఆనుకున్న చివరి మడిదాకా పోయాను. అక్కడ గట్టు మీద ఒక కట్ట ఉంది. ఎడమకు తిరిగిన మూడు చుట్లు, వెనక్కు మడిచిన పోచ. అవ్వ మరిచిపోయి వచ్చిందనుకుని, ఘనకార్యం చేసినదానిలా పరుగెత్తుకుంటూ తెచ్చి ఇచ్చాను.

అవ్వ దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. ముడి మీద వేలు పెట్టి తడిమింది. ఎక్కడిదని అడిగింది. చివరి మడి అని చూపించాను.

“నేనింక ఆ మడికి పోనేలేదు గద బిడ్డా,” అంది.

మేమిద్దరం తప్ప ఆ ముడి వేసేవాళ్లెవరని నేను ఆలోచించి, అర్థమయ్యేసరికి నోరు తెరవబోయాను. అవ్వ చేత్తో నా నోరు మూసింది. గడ్డిపోచ ఇంకా ఎండి పెళుసెక్కలేదు, నిన్నటిదో మొన్నటిదో. అవ్వ గట్టు మీద కూలబడి, ఆ కట్టను కొంగులో చుట్టి కడుపుకు ఆనించుకుని, చప్పుడు లేకుండా ఏడ్చింది. పక్క సాలులో ఏరుతున్న ఒకామె ఏమైందని అడిగితే కడుపునొప్పి అంది. ఆ రోజంతా అడవి వైపు ఒక్కసారి కూడా తలెత్తి చూడలేదు, ఎవరైనా ఆ చూపును కనిపెడతారని. కన్నకొడుకు కూతవేటు దూరంలో ఉండవచ్చునని తెలిసీ తల తిప్పకుండా ఏరడం ఎంత కష్టమో, నేను తల్లినయ్యాక గాని తెలియలేదు.

తిరిగి వచ్చాక మేనమామకు ఒక్కటే మాట చెప్పింది, దినాలు చెయ్యనని. ఎందుకని ఎంత గుచ్చి అడిగినా చెప్పలేదు. చెబితే అది ఎక్కడెక్కడ తిరిగి ఎవరి చెవిన పడుతుందో! తన మాటకు విలువ ఇవ్వలేదని ఆయన అలిగి రెండేళ్లు మా గడప తొక్కలేదు. ఊళ్లో వాళ్లు ఆమెకు మతి చలించిందన్నారు. పన్నెండేళ్లకే నేను గుట్టు దాచడం నేర్చుకున్నాను. ఆ కట్టను మట్టికుండలో పెట్టి, మూతకు గుడ్డ కట్టి అటక మీద ఉంచాం. గంజికి గింజ లేని రోజుల్లోనూ అవ్వ దాని జోలికి పోలేదు.

పోరాటం విరమించాక, జైళ్లలోంచి ఒక్కొక్కరే విడుదలవుతున్న రోజుల్లో, ఒక మధ్యాహ్నం అన్న గడ్డంతో, చిక్కి సగమై, మా గుడిసె ముందుకు వచ్చి నిలబడ్డాడు. అవ్వ ఏడవలేదు, ముందు కాళ్లకు నీళ్లిచ్చి, అన్నం పెట్టి, తిన్నాక అటక మీది కుండ దింపి ఆ కట్ట వాడి ఒళ్లో పెట్టింది. అన్న దాన్ని చూసి నిర్ఘాంతపోయాడు. అది మాకు పంపిన గుర్తు కాదు, మేము అటు వస్తామని వాడికి కలలో కూడా తెలియదు. దళంలో ఒకడికి జ్వరం, గంజి కాచడానికి గింజ లేదు. వాడు మునిమాపు వేళ మడిలోకి వంగి ఏరాడు, చేయి అలవాటు ప్రకారం ముడి వేసింది, అంతలో ఎవరో వస్తున్న చప్పుడైతే అడవిలోకి పరుగు తీశాడు.

“ఆకలి మీదున్నోని నోటికాడి గింజలాయె. ఇడిసిపెట్టి ఉరికొస్తినని ఎన్నొద్దులు మనసున పడ్డదో అవ్వా,” అన్నాడు.

“నువ్వు ఇడిసినవు, నేను ఏరుకున్న. గంతే గద కొడుకా,” అంది అవ్వ. అప్పుడు ఏడ్చింది.

జ్వరం వచ్చినవాడు బతికాడని కూడా చెప్పాడు, అది విని నాకు ఎంత తేలికైందో.

మరుసటి ఏడు అన్న పట్టుబట్టి నన్ను జనగామలో ఒక మిషన్ బడిలో చేర్చాడు. కోస్తా నుంచి వచ్చిన టీచరమ్మ ఒక రోజు పాఠంలో గ్లీన్ అనే మాట వస్తే సేకరించుట అని రాయించింది. కంకులు ఏరడమని కూడా చెప్పి, దానికి తెలుగు మాట ఎవరికైనా తెలుసా అంది. పరిగె ఏరుడు అని నేను లేచి గట్టిగా అన్నాను. నా పల్లె యాసకు క్లాసు ఘొల్లుమంది, టీచరమ్మ కూడా నవ్వింది. నాకు తల కొట్టేసినట్లయింది. అయితే ఆమె మనసు మంచిది, సాయంత్రం పిలిచి, బీరువాలోంచి దిండంత నిఘంటువు తీసి, ఆ మాట ఉన్న పేజీ నా ముందు పెట్టి, నవ్వినందుకు నొచ్చుకుంటున్నట్టుగా పక్కన కూర్చుంది. ఏరడం ఉంది, సమాచారం రాబట్టడం ఉంది. అన్నిటికంటే కింద, సన్నని అక్షరాల్లో, ఇంగ్లండులో ఏదో ఒక మూల పల్లెల్లో మాత్రమే వాడుకలో ఉన్నదని చెబుతూ మరో అర్థం ఉంది. పరిగె ఏరే మనిషి కట్టిన పిడికెడు కంకుల కట్టను కూడా గ్లీన్ అనే అంటారట. అంటే మా అటక మీది కుండలో ఉన్నదానికి ఆ దేశంలో ఒక పేరుంది! అక్కడ కూడా ఏదో ఒక తల్లి ఎండలో వంగి గడ్డిపోచతో ముడి వేసి ఉంటుంది. ఇంగ్లీషు మీద నాకు ప్రేమ పుట్టింది ఆ సాయంత్రమే.

తరువాత అన్న మానుకోట దగ్గర, అదే ఇప్పటి మహబూబాబాద్, రెండెకరాలు కౌలుకు పట్టాడు. అవ్వ ఆ కట్టలోని గింజలను విత్తనాల్లో కలిపి చల్లింది. అన్నేళ్లు కుండలో ఉన్న గింజ మొలిచిందో లేదో వ్యవసాయం తెలిసినవాళ్లను అడిగితే నవ్వుతారు, మొలిచిందనే నా నమ్మకం. కోతలప్పుడు ఆమె కూలివాళ్లకు ఒకటే చెప్పేది, కింద పడ్డ కంకి ఎత్తవద్దని, వెనక వచ్చేవాళ్లు ఉంటారని.

మొన్న జఫర్‌గఢ్‌లో పెళ్లికి పోతూ, దారిలో కోత అయిన మడి పక్కన కారు ఆపించాను. మిషన్ కోసిన మడి, టైర్ల చాళ్లలో కంకులు మట్టిలో అణిగి ఉన్నాయి. కొంగలు తప్ప ఏరుకునేవాళ్లు ఎవరూ లేరు. మా మనుమరాలు చెప్పులు విప్పి మడిలోకి దిగి పిడికెడు ఏరుకొచ్చింది, నేను కట్టి చూపించాను, అది విప్పి మళ్లీ కట్టింది. దానిది కుడిచేతి వాటమే, అయినా చుట్టు ఎడమకే తిరిగింది. ఇంటికి తీసుకుపోయి గోడకు పెట్టుకుంటానంది. వద్దన్నాను, గట్టు మీద పెట్టించాను. ఇప్పుడు ఎవరొస్తారు అమ్మమ్మా అని అడిగింది. నిజమే, పరిగె కోసం ఆరు రోజులు ప్రయాణం చేయవలసిన తల్లి ఇప్పుడు లేకపోవడమే మా అన్న కోరుకున్నది, ఆ మాట పాతబడిపోయినందుకు నేను సంతోషించాలి. సంతోషిస్తున్నాను కూడా. అయినా కారు కదిలాక వెనక్కు తిరిగి ఆ గట్టు కనిపించినంతసేపూ చూశాను, అప్పుడు అవ్వ చూడలేకపోయింది కదా అని.