భిన్నాలూ, నలభై నంబరు నూలూ

అక్క పెళ్లయి వెళ్లిపోయాక మా ఇంట్లో మగ్గానికి నూలు కండెలు చుట్టే పీట ఖాళీ అయింది. నాన్న మగ్గం ఆగకూడదంటే రాట్నం ముందు ఎవరో ఒకరు కూర్చోవాలి. బీడీలు చుడుతున్న అమ్మ తలెత్తి నా వైపు చూసింది. "ఈతాప లెక్కలల్ల నాపాసయితే బడి బంద్. వచ్చి పీట మీద కూసో," అని తేల్చేసింది. నాకు రాట్నమంటే ఒళ్లుమంట. బడి అంటే ప్రాణం. లెక్కలు మాత్రం ఆ ప్రాణాన్ని తోడేసేవి.

అందులోనూ ఆ ఏడాది భిన్నాలు వచ్చిపడ్డాయి. వాటిని నేను నూలుతో సర్దుకున్నాను. మా నేతగాళ్ల భవాని పేటలో ఏ పిల్లనడిగినా చెబుతుంది, నంబరు పెరిగేకొద్దీ పోగు సన్నబడుతుందని. ఇరవై నంబరు నూలు లావు, నలభై నంబరు సన్నం. భిన్నంలో కింద ఉండే హారం కూడా నంబరే కదా, అది పెద్దదైతే భిన్నం చిన్నదన్నమాట! ఇంత సులువైనదానికి బాయి ఎందుకు గొంతు చించుకుంటుందా అని జాలి కూడా పడ్డాను. మా తెలుగు బడిలో టీచరమ్మను బాయి అనేవాళ్లం.

నోటి పరీక్ష రోజు బాయి నల్లబల్ల మీద 3/4, 5/6, 2/3 రాసి, చిన్నదానితో మొదలుపెట్టి వరసగా పేర్చమంది. ధీమాగా వెళ్లి 5/6ను ముందు పెట్టాను, 2/3ను చివర. తరగతి ఘొల్లుమంది. నాకు తిక్క రేగింది. మీ ఇళ్లల్లో నూలు లేదా అని అందరినీ కడిగేశాను. బాయి మాత్రం నవ్వకుండా నా నూలు గోలంతా విన్నది.

"ఒక్క పోగయితే నువ్వన్నది నిజమే. ఈడ ఆరో నంబరువి ఐదు పోగులున్నయి గదా, వాటి సంగతేంది?"

సుద్దముక్కతో మళ్లీ బల్ల వైపు తిరిగాను. కళ్ల ముందు పీట కనిపించింది, దాని పక్కన నూలు కట్ట. కట్ట మీది చీటీలో 2/40 అని ఉంటుంది. అంటే నలభై నంబరు పోగులు రెండు కలిపి పురి పెట్టిన నూలు. ఆ జంట లావు ఇరవై నంబరు ఒంటి పోగంత. నంబరు మారినా లావు మారలేదు! అయితే అన్నిటినీ ఒకే నంబరుకు తెస్తే, ఇక పైన పోగులు లెక్కపెట్టుకోవడమే. నాలుగూ ఆరూ మూడూ పన్నెండులో సరిపోతాయి. 9/12, 10/12, 8/12 అని గబగబా రాశాను. ముందు 2/3, తర్వాత 3/4, చివర 5/6. బాయి నా బుగ్గ గిల్లి పాస్ అంది.

సంతోషం పట్టలేక ఇంటిదాకా ఒకటే పరుగు. పాసయ్యానన్న మాట అమ్మ నాచేత మళ్లీ చెప్పించుకుంది. బీడీల చాట పక్కన పెట్టి, చేతులు కడుక్కుని, నా నోట్లో బెల్లం ముక్క పెట్టింది. తర్వాత పీట లాక్కుని రాట్నం ముందు తనే కూర్చుంది.

"కండెలు నేను జుడ్త తియ్. నువ్వు పోయి సదువుకో."

ఆ పూట నేను పుస్తకం తెరవలేదు. రాట్నం పక్కనే చతికిలబడి, అమ్మకు విసుగొచ్చేదాకా భిన్నాలు చెబుదామనుకున్నాను. అమ్మకు విసుగు రాలేదు.