దండం పెడితే లేచేవాడు

సదర్ పండుగకు దున్నపోతును ఊరేగించాలంటే ఇప్పుడు పోలీసుల పర్మిషన్ కావాలి. దానికి ముందు పశువుల డాక్టర్ సంతకం కావాలి. మా మామ కాలంలో ఇవేవీ లేవు. దీపావళి దాటగానే కొమ్ములకు రంగు వేసి, మెడలో గవ్వల దండ కట్టి, డప్పులతో తీసుకుపోయేవాళ్లు. నాకు మాత్రం ఆ సంతకం ఉండటం ఇష్టమే. నోరులేని జీవి తరఫున అడిగేవాళ్లు ఒకరుండాలి కదా అనుకునేదాన్ని. నా పిచ్చి గానీ.

నాంపల్లి స్టేషన్ వెనక సందులో మా కొట్టం. పాలు ఆబిడ్స్ హోటళ్లకు పోతాయి. మా దున్న తల్లి ఈనగానే చస్తే, సీసాతో పాలు పట్టి నేనే పెంచాను. మా ఆయన వాడికి ఒకే విద్య నేర్పాడు. తను చేతులెత్తి దండం పెడితే వాడు వెనక కాళ్ల మీద లేచి నిలబడాలి. అందరూ తాళ్లతో లాగి లేపుతారు, మావాడికి తాడు అక్కర్లేదని మా ఆయనకు ఎంత మిడిసిపాటో.

పండుగ ముందురోజు వాణ్ణి కడుగుతుంటే వెనక కాలు వాచి కనిపించింది. నొక్కితే వణికాడు.

"డాక్టర్‌కు చెప్దాం," అన్నాను.

"చెప్తే పర్మిషన్ రాదు. ఊకె నడిపిస్త, లేపనే లేప. నీ మీద ఒట్టు," అన్నాడు.

డాక్టర్ వచ్చేసరికి వాడు ముస్తాబై ఉన్నాడు. సదర్ దున్నను బోసిగా పరాయివాళ్ల కంట పడనివ్వం, దిష్టి తగులుతుందని. వాచిన చోట కడెం తొడిగి ఉంది.

"వెనక కాలు జర చూడున్రి సార్," అన్నాను, ఉండబట్టలేక.

"ఆ కడెం తియ్యండి," అన్నాడు డాక్టర్.

"ఒకసారి తొడిగినంక పండుగ అయ్యేదాక తియ్యం సార్," అన్నాడు మా ఆయన.

డాక్టర్ నాలుగడుగులు నడిపించి చూశాడు. కొట్టంలో గడ్డి పరిచిన మెత్తటి నేల, వాడు బాగానే నడిచాడు. సంతకం పడింది. నాకు ఒళ్లు మండింది.

కొట్టొద్దు, తాళ్లతో లాగొద్దు, దగ్గర పటాకులు కాల్చొద్దు అని షరతులు పెట్టారు. మా ఆయన అన్నీ పాటించాడు, నాకిచ్చిన మాట కూడా. పండుగ సాయంత్రం ఊరేగింపులో మా కులపెద్ద ఇంటి ముందు ఆగాం. ఆ ముసలాయన అరుగు మీది నుంచి, "మంచిగున్నవా బిడ్డా?" అని పలకరించాడు. పెద్దలు పలకరిస్తే ఎవరైనా ఏం చేస్తారు? దున్న పక్కన నిలబడ్డ మా ఆయన చేతులెత్తి దండం పెట్టాడు.

వాడు లేచాడు.

జనం ఈలలు వేశారు. "వద్దురా, దిగు" అని మా ఆయన అరవడం ఆ డప్పుల్లో నాకొక్కదానికే వినపడింది. దిగాక ఆ కాలు నేల మీద మోపలేదు. నరం తెగిందన్నారు.

ఇప్పుడు మా ఆయన కొట్టంలో ఎవరికీ దండం పెట్టడు. పొద్దున సూర్యుడికి మొక్కాలన్నా సందు చివరికి పోతాడు. మొన్న పాల కోసం కొత్తగా వచ్చినామె గుమ్మంలోనే, "నమస్తే అక్కా" అని చేతులెత్తింది.

వాడు లేవబోయాడు.