కడుగుడు పిచ్చి

మా ఊళ్ళో ఈ మాటకు పెద్ద అర్థమేమీ లేదు. చద్ది తిని రెండోసారి చేయి కడుక్కునే మనిషి కనిపిస్తే "ఏమప్పా, నీకూ పట్టుకునిందా కడుగుడు పిచ్చి" అని నవ్వేవాళ్ళు. కొత్త కోడలు చెంబును కాస్త ఎక్కువసేపు తోమితే అత్త ఆ మాటే అనేది. ఒకసారి బర్రెను రుద్ది రుద్ది కడుగుతున్న ముసలాయన్ను కూడా అన్నారు. కానీ ఆ మాట పుట్టింది మా ఇంట్లో, మా అమ్మ కోసం. అందుకే ఎవరు ఎవరిని అన్నా అది మా గడప తొక్కి పోయినట్టే ఉండేది నాకు. ఇప్పటికీ వింటే ఒళ్ళు మండుతుంది. ఆ మాటను ఊరందరికంటే గట్టిగా అన్నది నేనే గనుక ఆ మంటలో సగం నా మీదే.

మాది అనంతపురం నుంచి తాడిపత్రి పోయే దోవలో బస్సు దిగి మూడు మైళ్ళు లోపలికి నడవాల్సిన ఊరు. శెనక్కాయ చేలు, బండలు, వాన కోసం పైకి చూడటం, అంతకు మించి చెప్పుకోవడానికేం లేదు. మంచినీళ్ళకు ఊరికంతా ఒకటే దిగుడు బావి. ఎండాకాలంలో చివరి మెట్టు దాకా దిగి, గిన్నెతో తోడి బిందెలో పోసుకోవాలి. మా ఇంటికి నీళ్ళు మోసే పని పదేళ్ళ వయసు నుంచి నాదే. పొద్దున రెండు బిందెలు, సాయంత్రం రెండు. అంతకు మించి బావీ ఇవ్వదు, నా నడుమూ మోయదు. తాగడానికి, వండటానికి, ఒళ్ళు కడుక్కోవడానికి అన్నిటికీ ఆ నాలుగే.

ఆ బావిలోకి అందరం కాళ్ళు పెట్టి దిగేవాళ్ళం. ఆ నీళ్ళ వల్లే నారికురుపు వచ్చేదని తర్వాత తెలిసింది. కాలి మీద బొబ్బ లేచి పగిలి, తెల్లని దారంలాంటి పురుగు బయటికి వచ్చేది. మా అవ్వ, అంటే నాయన తల్లి, అలాంటి పురుగులను మూడింటిని చీపురుపుల్లకు చుట్టి రోజుకు బెత్తెడు చొప్పున లాగి పారేసిన మనిషి. పుల్లను కాలికే కట్టుకుని కలుపు తీయడానికి పోయేది. పురుగంటే మా ఊళ్ళో ఎవరికీ భయం లేదు. అది కంటికి కనిపించేది, పుల్లకు చుట్టుకునేది, ఏదో ఒక రోజు అయిపోయేది.

నా తమ్ముడికి నాలుగేళ్ళప్పుడు, ఒక ఎండాకాలం ఊళ్ళోకి వాంతిబేది వచ్చింది. ముందు మా పక్కింటి ముసలామెకు తగిలింది. ఆమెకు ఎవరూ లేరు. మా అమ్మ పొద్దున్నే పోయి ఆమె గుడ్డలు ఉతికి ఆరేసి వచ్చింది. ఇంట్లో నీళ్ళు అడుగంటాయి, నేనింకా బావి దగ్గరే ఉన్నాను. అమ్మ చేతులు చీర కొంగుకు తుడుచుకుని సంగటి దించింది. మా వైపు రాగి సంగటిని తల్లి చేత్తోనే ముద్ద కట్టాలి. పక్కన గిన్నెలో నీళ్ళు పెట్టుకుని, చేయి తడుపుకుంటూ, వేడి మీదే గుండ్రంగా తిప్పి, బొటనవేలితో నడుమ గుంట నొక్కి అందులో ఊరిబిండి పచ్చడి పెట్టి పిల్లల చేతికి ఇస్తారు. ఎవరి ముద్ద ఎంత నున్నగా ఉంటే వాళ్ళమ్మ అంత గొప్పది. ఆ రోజు మొదటి ముద్ద తమ్ముడిది. నేను బిందెతో వచ్చేసరికి వాడు వేళ్ళు నాకుతూ వాకిట్లో కూర్చున్నాడు. రెండో రోజు సాయంత్రానికి వాడు లేడు.

వారం తిరగకముందే ఆరోగ్యశాఖ మనిషి ఒకాయన సైకిల్ మీద వచ్చాడు. బావిలో ఏదో మందు పోస్తే నీళ్ళు వంకాయరంగుకు తిరిగాయి. ఆడవాళ్ళందరినీ రచ్చబండ దగ్గర కూర్చోబెట్టి, రోగం కంటికి కనిపించని పురుగుల వల్ల వస్తుందనీ, నీళ్ళు కాచి తాగాలనీ, చేతులు కడుక్కోవాలనీ చెప్పాడు. కనిపించని పురుగులంటే అవ్వకు నవ్వాగలేదు. అమ్మ మాత్రం లేచి నిలబడింది. మగవాళ్ళ ఎదుట ఆమె గొంతు వినడం నాకదే మొదటిసారి.

"చేతికి కూడా అంటుకుంటాయా సామీ?" అని అడిగింది.

ఎక్కువగా చేతుల నుంచే పోతాయమ్మా అన్నాడాయన. ఆయన తప్పేమీ చెప్పలేదు. ఎవరితో చెబుతున్నాడో ఆయనకు తెలియదు, అంతే. ఇంకో ఊరికి పోవాలని సైకిల్ ఎక్కి వెళ్ళిపోయాడు.

ఆ సాయంత్రం నుంచే మొదలైంది. మొదట బూడిదతో చేతులు రుద్దుకుని ఒక చెంబు పోసుకునేది. తర్వాత రెండు చెంబులు. పొయ్యి అంటించే ముందు, అంటించాక, ఉప్పు డబ్బా ముట్టుకున్నాక. వేళ్ళ సందులు ఒక్కొక్కటీ విడదీసి రుద్దేది. నీళ్ళు చాలకపోతే చేతులు ఒళ్ళో పెట్టుకోకుండా గాలిలో పట్టుకుని కూర్చునేది. బూడిద కొరికి ఆ చేతులు పగిలి, నెత్తురు కారేది. అన్నిటికంటే ఘోరం, ముద్ద కట్టడం మానేసింది. సంగటిని గరిటెతో గీరి కంచంలో వేసి దూరంగా జరిగేది. అది ఎండిన పేడ పెళ్ళలా విరిగి పడేది. బంధువులు వస్తే మరీ సిగ్గు. తల్లి చేతి ముద్ద లేని కొంప అని ఊళ్ళో చెప్పుకున్నారు. కోడలికి కడుగుడు పిచ్చి పట్టిందని మొదట అన్నది మా అవ్వే. బావి దగ్గర ఒకరు అందుకున్నారు, నెల తిరగక ముందే ఊరంతా పాకింది.

నాయన ఏమీ అనేవాడు కాదు. ఆయన మాట్లాడటమే తక్కువ. మూడేళ్ళు చూసి, ఒక రోజు అమ్మనూ నన్నూ అనంతపురం డాక్టరు దగ్గరికి పిలుచుకుపోయాడు. డాక్టరు ఆ చేతులు తిప్పి తిప్పి చూసి ఇంగ్లీషులో ఒక మాట అన్నాడు. నాయన అర్థం కాక నిలబడితే, దీన్ని క్రిముల భయం అంటారు, మనసు జబ్బు, చేతులకు పూత మందు రాస్తాను గానీ దీనికి నా దగ్గర మందు లేదు అన్నాడు. మంచివాడే, దాచకుండా చెప్పాడు.

తిరుగు బస్సు బుక్కరాయసముద్రం దగ్గర మనుషుల్ని ఎక్కించుకోవడానికి కాసేపు ఆగింది. మేం చూసేలోగా అమ్మ దిగి చెరువు వైపు నడిచిపోయింది. నాయన, నేను వెనక పరిగెత్తాం. ఒడ్డున కూర్చుని మోచేతుల దాకా నీళ్ళలో పెట్టి కడుక్కుంటోంది. బిందెలు లెక్కపెట్టేవాళ్ళు లేరు, కసిరేవాళ్ళు లేరు. మా వైపు తిరిగి నవ్వింది కూడా. నాకు ఆశ పుట్టింది. ఇన్ని నీళ్ళలో కడుక్కుంటే ఆమె మనసు తీరిపోతుందని, రేపు ముద్ద కడుతుందని అనుకున్నాను. డ్రైవరు హారన్ కొడుతూనే ఉన్నాడు. నాయన ఆయన్ను బతిమాలి బస్సు ఆపించాడు. అమ్మ తడి చేతులు పైకి పట్టుకుని, దేన్నీ తాకకుండా ఊరి దాకా వచ్చింది. ఇంట్లో అడుగుపెట్టగానే ఒక చెంబు నీళ్ళడిగింది.

డాక్టరు ఏమన్నాడని అవ్వ అడిగితే, పురుగుల భయమంట అన్నాడు నాయన. అవ్వ తన కాలి మీది మూడు మచ్చలు చూపించి, దానికి కూడా భయపడతారా మనుషులు అంది. మా ఇంట్లో డాక్టరు మాట అక్కడితో చచ్చిపోయింది. పిచ్చి అన్న మాటే నిలిచింది.

ఆ మరుసటి ఏడు వాన పూర్తిగా ఎగ్గొట్టింది. బావిలో ఊట కోసం తెల్లవారుజాము నుంచి వంతు కాయాలి. ఒక రోజు రెండు బిందెలు నింపుకుని ఎక్కుతూ జారిపడ్డాను. మోకాళ్ళు రెండూ చెక్కుకుపోయాయి, ఒక బిందె మొత్తం ఒలికిపోయింది. మిగిలిన దానితో కుంటుకుంటూ ఇంటికి వస్తే, అమ్మ అందులో సగం నా కళ్ళ ముందే చేతుల మీద పోసుకుంది. నాకు పదమూడు పద్నాలుగేళ్ళు. వీధిలో ఆడవాళ్ళు చూస్తున్నారని కూడా లేదు. కడుగుడు పిచ్చిదానా అని అరిచాను. నీ చేతులు పడిపోనూ అన్నాను. ఇంకా ఏమేమో అన్నాను. చివరికి నా కడుపులో ఉన్నది బయటికి వచ్చింది.

"నాకు ఒక్క ముద్దన్నా కట్టి పెట్టినావా నువ్వు, ఇన్నేండ్లలో?"

అమ్మ కోప్పడలేదు. నీళ్ళు కారుతున్న చేతులు ఎప్పటిలాగే గాలిలో పట్టుకుని ఉంది.

"నీ తమ్మునికి కట్టి పెట్టినాను గదా పాపా" అంది.

పక్కింటి ముసలామె గుడ్డలూ, కొంగుకు తుడుచుకున్న చేతులూ, మొదటి ముద్దా, రచ్చబండ దగ్గర అడిగిన ప్రశ్నా అన్నీ అప్పుడు ఒకేసారి నాకు కనిపించాయి. సిగ్గుతో చచ్చిపోయాను. అయినా తప్పయిందని అనలేదు. మా ఇళ్ళలో తల్లీకూతుళ్ళు అలాంటివి చెప్పుకోరు. బిందె ఎత్తుకుని మళ్ళీ బావికి పోయాను.

పెద్దయ్యాక నాలుగక్షరాలు చదివే ఓపిక వచ్చాక ఆ జబ్బుకు వేరే మాటలు చూశాను. అతిశుభ్రత అని ఒకరు రాశారు, మాలిన్య భయమని ఇంకొకరు. డాక్టరు చెప్పిన క్రిముల భయం సరేసరి. చదువుకున్నవాళ్ళ మాటలు, నున్నగా ఉంటాయి. కానీ భయం అంటే తనకేదో అవుతుందన్న దిగులు కదా. మా అమ్మకు తనకేమవుతుందన్న ధ్యాసే లేదు. బావి నీళ్ళు కాచకుండానే తాగేది, మాకు మాత్రం కాచి పోసేది. ఆమె భయపడింది తన చేతులకు. ఒక మనిషి తన చేతులనే చూసి జీవితమంతా వణికితే దాన్ని ఏమంటారో ఏ పుస్తకంలోనూ నాకు దొరకలేదు.

పంతొమ్మిదివందల అరవైల్లో నాకు పెళ్ళయింది, కూతురు పుట్టింది. బిడ్డకు ఏడాది నిండిన ఎండాకాలం పుట్టింటికి వచ్చాను. అవ్వ అప్పటికి పోయింది. దిగుడు బావిలో బురద తప్ప ఏమీ లేదు. నాయన బండి మీద పీపా పెట్టుకుని ఆరు మైళ్ళ అవతలి తోట బావి నుంచి రోజు మార్చి రోజు నీళ్ళు తెచ్చేవాడు. వచ్చిన నాలుగో రోజు పొద్దున అమ్మకు వాంతులు, బేదులు మొదలయ్యాయి. ఏమిటో నాకంటే ముందు ఆమెకే తెలిసింది. నాయన నీళ్ళకూ, దవాఖానా మనిషిని పిలుచుకురావడానికీ బండి కట్టుకుని పోయాడు. వాంతిబేది అని తెలిసి వీధిలో ఒక్కరూ మా వాకిట్లోకి రాలేదు. వాళ్ళ కడవల్లోనూ ఏమీ లేదు, వాళ్ళను ఏమనగలం.

మధ్యాహ్నానికి ఇంట్లో ఒక్క చెంబు నీళ్ళు మిగిలాయి. ఆమె గుడ్డలు మార్చింది నేనే, నా చేతులు ఎలా ఉన్నాయో చెప్పక్కర్లేదు. ఉయ్యాల్లో బిడ్డ పాల కోసం గుక్కపట్టి ఏడుస్తోంది. నేను చెంబు తెచ్చి అమ్మ నోటి దగ్గర పెట్టాను. పెదవులు బిగించేసింది.

"నాకొద్దు. నీ చేతులు కడుక్కో. కడుక్కునే బిడ్డనెత్తుకో" అంది.

"నీకు దప్పికయితాంది కదమ్మా."

"ఈ చేతులతో ఒకన్ని సంపుకున్న్యా. నువ్వా పని సేయొద్దు పాపా."

నాయన వస్తున్నాడు, కాసేపట్లో పీపాడు నీళ్ళు వస్తాయి అనుకున్నాను. అలా అనుకోవడం నాకు సులువైంది. బూడిద తెచ్చుకుని ఆమె ఎదుటే కూర్చుని రుద్దుకున్నాను. వేళ్ళ సందులు అని గుర్తుచేసింది. వేళ్ళ సందులు రుద్దాను. చెంబు వంచుకుని చివరి చుక్క దాకా పోసుకున్నాను. ఆమె నా చేతుల మీది నుంచి జారి బండ మీద పడుతున్న నీళ్ళనే చూసింది. బండ ఎండకు కాలిపోతోంది, నీళ్ళు పడినంతసేపు పట్టలేదు ఆరిపోవడానికి. బిడ్డను ఎత్తుకుని పాలిచ్చాను. తిరిగి చూసేసరికి ఆమె కళ్ళు తెరిచే ఉన్నాయి, ఊపిరి లేదు.

బండి పొద్దు వాలాక వచ్చింది. దవాఖానా మనిషి దొరకలేదు, నీళ్ళు దొరికాయి. ఆ నీళ్ళతో ఆమెకు స్నానం చేయించారు. పీపా సగానికి పైగా పోశారు. ఎంత పొదుపు మనిషైనా శవానికి నీళ్ళు లెక్కపెట్టడు.

నా కూతురికి ఏమీ కాలేదు. పెరిగింది, పెళ్ళయింది, నగరంలో కొళాయి తిప్పితే నీళ్ళొచ్చే ఇంట్లో కాపురం చేస్తోంది. నేను దాని పిల్లలకు ముద్ద కట్టి పెట్టను. గరిటెతోనే వేస్తాను. సింకు దగ్గర నేను వేళ్ళ సందులు రుద్దుకుంటూ ఉంటే అది వెనక నుంచి నవ్వుతుంది. "నీకు కడుగుడు పిచ్చి పట్టిందమ్మా" అంటుంది. ఊరి మాట ఎక్కడ నేర్చుకుందో, నా దగ్గరే నేర్చుకుని ఉంటుంది. నేను కొళాయి కట్టేసి చేతులు ఆరే దాకా నిలబడతాను. ఆ రోజు చెంబులో నీళ్ళు ఎవరు తాగాల్సినవో దానికి నేనింతవరకు చెప్పలేదు.